మిద్దె మెట్ల బీగము, మా అత్త దుప్పట్లు

గ్రామ పంచాయతి అభివృద్ధి అధికారి గారి సముఖమునకు,
చాకవేలు వాస్తవ్యురాలు, కీ.శే. చెన్నరాయప్ప భార్య మునిరత్నమ్మ వ్రాసుకొను అర్జీ.

అయ్యా,

విషయం: ఉతికిన బట్టలు ఆరుటకు అగుచున్న కరెంటు ఖర్చు తగ్గునట్లు, మిద్దె మెట్లకు వేసిన బీగము తీయించుట గురించి.

1. మా ఇల్లు, మా మరిది వెంకటరాయప్ప ఇల్లు ఒకే గోడకు ఇరువైపుల ఉన్నవి. మిద్దె ఒకటే. మా అత్తగారు రెండేండ్లుగా మంచము పట్టి నా వద్దనే ఉన్నారు. దినానికి మూడు దుప్పట్లు, నాలుగు పాత చీరలు ఉతకవలసియున్నది. ఇన్నాళ్ళు మిద్దె మీది తాడున ఆరవేసితిని. ఎండకు ఎవరూ బిల్లు వేయలేదు.

2. నిరుడు మరిది తన వైపు పైన గది కట్టుటకు, నా వైపునున్న పాత మెట్లు తీసివేయుటకు నా అంగీకారము కోరుచు ఒప్పిగె పత్రము తెచ్చెను. "మిద్దె ఇద్దరిదీ అని రాసుండాను వదినా, ఎప్పుడైనా ఎక్కొచ్చు" అనెను. పత్రము ఇక్కడి సర్కారు భాషయైన కన్నడములో ఉన్నది. నేను కదిరి వైపు పుట్టి తెలుగు బడిలో చదివినదానను. రేషను కార్డు, పింఛను, మా ఆయన మరణ పత్రము, నా అర్జీలన్నీ మరిదే వ్రాసి ఇచ్చెను. ఒక్కటీ చదివించుకొనక సంతకము చేసితిని. ఇదియు అట్లే చేసితిని. అందులో ఆ మాటే లేదని మొన్న నా కూతురు రూప బెంగళూరు నుండి వచ్చి చదివి చెప్పినది.

3. గృహప్రవేశము మరునాడే అతని వైపు కట్టిన కొత్త మెట్లకు బీగము పడినది. అడిగితే, "చూసేవాళ్ళకి బాగుండదు వదినా ఆ గుడ్డలు, కింద యాడన్నా ఆరేసుకో" అన్నాడు. ఆ గుడ్డలు ఎవరివి అయ్యా? వాడిని కన్నతల్లివి కావా?

4. నా పెరటిలో ఇప్పుడు అతని గోడ నీడ తప్ప ఏమీ లేదు. చెమ్మ దుప్పట్లకు అత్తగారి వీపున పుండ్లు పడినవి. రూప డ్రయ్యర్ మిషను పంపినది. దానివలన ఉచిత కరెంటు పరిమితి దాటి, నా పింఛను సగము కరెంటుకే పోవుచున్నది.

గది పడగొట్టమని నేను అడుగుట లేదు. పొద్దున పదింటి నుండి మూడింటి వరకు బీగము తీసి, ఒక తాడు కట్టుకోనివ్వవలెనని తాము ఉత్తరువు ఇయ్యవలెను. అర్జీ తెలుగులో ఉన్నందుకు మన్నించవలెను. కన్నడములో వ్రాసి ఇచ్చే మనిషి నాకు ఉండెను. ఇది అతని మీదనే.

నా గోడు తాము ఓపికతో చిత్తగించవలెను.

తమ విధేయురాలు,
మునిరత్నమ్మ

మరొక మాట: నిన్న అత్త దుప్పటి ముక్కు దగ్గర పెట్టుకుని, "ఎండ వాసన యాడికి పోయిందమ్మా?" అని అడిగింది. కొడుకు చేసింది చెప్పక, "బయట ముసురు పట్టిండాదత్తా" అన్నాను. ఆమె మంచానికి ఆకాశం కనబడదు. మూడు నెలలుగా మా ఊళ్ళో చినుకు లేదు. ఆమె మాత్రం నిన్నటినుంచీ ఒకటే మాట అంటోంది: "మా చిన్నోడు వెంకటప్ప తడుస్తాడేమో, గొడుగిచ్చి పంపమ్మా."