కీమా లేని రెండు దొప్పలు

శనివారం, రాత్రి

కువైట్ నుంచి సెలవుకు వచ్చిన కోడలు పద్మ ఇవాళ బంగాళాదుంపలు కాల్చి, సగానికి కోసి, గుజ్జు తీసిన దొప్పల్లో మటన్ కీమా నింపి, పైన చీజ్ కరిగించింది. మొత్తం ఇరవై నాలుగు. ముప్పై ఏళ్లుగా నేను శనివారం నీచు ముట్టను గనుక రెండింట్లో కీమా వెయ్యలేదు.

"ఈ చివరి రెండూ మీవండీ, అత్తయ్యగారూ."

మా ఆయన పళ్లెం తిప్పి అందించారు. రెండూ తిన్నాను. చాలా బాగున్నాయి. అక్కడే అనుమానం వచ్చింది.

"ఇందులో కీమా లేదు కదమ్మా?"

"అయ్యో, లేదండీ!"

ఆయన మజ్జిగ గ్లాసు ఎత్తి మొహానికి అడ్డం పెట్టుకున్నారు.

అందరూ లేచాక చూస్తే పళ్లెంలో రెండు మిగిలాయి. చీజ్ తొలగించి చూశాను. కీమా లేదు.

ఇప్పుడు ఆయన అటు తిరిగి పడుకున్నారు. నిద్రపోయేవాళ్ల భుజాలు అలా కదులుతాయా?