జర్మనీ ఆవిడకి నా గొంతు

హైదరాబాదు,
ఆదివారం.

అక్కకి,

నీ చెల్లి దండాలు. అమ్మకి, బావకి కూడా. అందరూ కులాసాగా ఉన్నారా? చిన్నగుంటకి జ్వరం తగ్గిందా? కాఫీ తోటలో పూత నిలిచిందా? నేను బాగానే ఉన్నాను, వేళకి తింటున్నాను, బెంగ పెట్టుకోకండి. ఇక్కడ ఎండ మాత్రం మాడ్చేస్తోంది. అరకు చలిని తిట్టిన నోటితోనే ఇప్పుడు దాన్ని తలుచుకుంటున్నాను. చోడి అంబలి, ఇక్కడివాళ్ల మాటలో రాగి జావ, కాచుకుంటే పక్కగది అమ్మాయి ముక్కు మూసుకుంటుంది. అయినా కాచుకుంటున్నాను. ఎవరైనా ఇటు వస్తే కాస్త పిండి పంపు.

ఫోన్ ఎత్తడం లేదేమని వాయిస్ మెసేజ్ పెట్టావు. సిగ్గక్కా. నా గొంతు అమ్మ చెవిన పడకూడదనే ఈ ఉత్తరం. నువ్వే చదివి వినిపించు.

నా డబ్బింగ్ పని నీకు తెలుసు కదా. పాత అమెరికా సినిమాల్ని ఫోన్లలో చూసుకోడానికి తెలుగులోకి మారుస్తున్నారు. వాటిలో ఒకావిడకి గొంతు నాది. పుట్టింది జర్మనీలో. సౌండ్ చూసే ఆయన ఆవిడ కథంతా చెప్పాడు. అక్కడ నాటకాల్లో ఆవిడే నాయికట. ఆనాటి సర్కారుకి భయపడి, ప్రాణాలు అరచేత పట్టుకుని సముద్రం దాటిందట. అమెరికాలో ఇంగ్లీషు నేర్చుకుంది గానీ యాస పోలేదు. ఇక అంతే, ఎప్పుడూ వంటమనిషి, ఆయా, గదులు అద్దెకిచ్చే ముసలమ్మ. యుద్ధం సినిమాలైతే మరీ ఘోరం. ఎవరికి భయపడి పారిపోయి వచ్చిందో ఆ ఆఫీసర్ల పెళ్లాం వేషం వేయించేవారట. పేరు ఎక్కడో అడుగున, చీమంత అక్షరాల్లో. వారాల తరబడి ఆవిడ పెదాలు చూసి చూసి, నాకు సొంత మనిషిలా అయిపోయింది.

ఆవిడ యాసకి బదులు నన్ను మన్యం యాసలో చెప్పమన్నారు డైరెక్టర్ గారు. "జనానికి నవ్వు రావాలమ్మా" అన్నారు. "ఏటి బాబూ, బేగి తినేయండి, సల్లారిపోతన్నాది" అన్నాను. గదిలో అందరూ పడీపడీ నవ్వారు. నేనూ నవ్వాను. ఎవరైనా మెచ్చుకుంటే నాకు ఒళ్లు తెలియదు కదా.

తరవాత ఒక సీను వచ్చింది. యజమానురాలు తిడితే ఆవిడ పొయ్యి దగ్గరికి వచ్చి తనలో తను జర్మన్‌లో ఏదో గొణుక్కుంటుంది. "ఇక్కడ మీ కొండభాషలో ఏదో ఒకటి అనెయ్. ఎవరికి అర్థమవుతుంది?" అన్నారు డైరెక్టర్ గారు. రికార్డింగ్ ఎర్రలైటు వెలిగింది. బుర్రలో ఏమీ లేదు. ఆవిడ చేతిలో గరిటె చూసేసరికి అమ్మ మాటలు నోటికొచ్చేశాయి. మామిడి కొత్తల పండగనాడు, మనమెవరం ఆ ఏటి మామిడి రుచి చూడకముందే, తొలికాయ ఆకులో పెట్టి చనిపోయిన పెద్దల్ని పిలిచే మాటలు. నాన్నమ్మ పేరుతో సహా.

ఆ ముక్క ఎవరో కత్తిరించి ఫోన్లలో తిప్పారు. మన సంతలో కూడా చూసి నవ్వారని చెప్పావు. "అమ్మ ఇన్నాదే. లోపలికెల్లిపోనాది" అన్నావు. మొన్న మెసేజిలో ఇంకో సంగతి చెప్పావు. అమ్మ ఈ ఏడు కొత్తల పండగ చెయ్యనంటోందట. "ఆ మాటలకి ఊరూరూ నవ్వీసినాది, ఇంక ఏ మొకం పెట్టుకుని మా అత్తని పిలుస్తాను అంతన్నాదే" అన్నావు. అక్కా, అమ్మ నన్ను నాలుగు తిట్టి ఉంటే బాగుండేది.

డైరెక్టర్ గారి దగ్గరికెళ్లి ఆ ముక్క తీసెయ్యమన్నాను. పంపేశాం, కుదరదన్నారు. ఆవిడవి ఇంకా సినిమాలున్నాయి, అదే యాస కావాలన్నారు. యాస పెట్టను, మామూలుగా చెబుతానన్నాను. చూద్దామన్నారు. వేరే అమ్మాయిని పిలిచారని నిన్న తెలిసింది. పోనీలే.

ఇంకో బాధ కూడా ఉంది. ఆ గొణుగుడు అన్నిసార్లు విన్నాను గానీ, ఆవిడ ఏమంటోందని ఒక్కసారీ ఎవర్నీ అడగలేదు. నేను చేసిన సినిమాల్లో ఆవిడ సొంత భాష వినిపించింది అక్కడొక్కచోటే. వాళ్లమ్మ మాటలేనేమో. దాని మీద మన మాటలు పోసి, రెండూ పాడుచేశాను.

అమ్మతో చెప్పు. తప్పు చేసింది నేను, నాన్నమ్మని పస్తు పెట్టొద్దని చెప్పు. నన్ను ఇంటికి పిలవకపోయినా సరే, పెద్దల్ని పిలవమని చెప్పు. దీవించమని అడిగే మొకం నాకు లేదు. అయినా అడుగుతున్నాను. బావకి దండాలు, గుంటలకి ముద్దులు.

ఇక్కడ బజారు నిండా మామిడిపళ్లే. నేను ముట్టుకోలేదు. అమ్మ ఆకులో పెట్టి ఆ మాటలు అన్నరోజు చిన్న కబురు పెట్టు. అప్పుడు తింటాను.

నీ చెల్లి,
సుకిరి