లిఫ్ట్ ఇంకా పనిచేయడం లేదు

జూన్ 12, 2013, సాయంత్రం

దారి మూసేశారు. ప్లాట్‌ఫాం చివర పట్టాలు దాటే కాలిదారి, మేం పుట్టకముందు నుంచీ ఉన్నది. పొద్దున ఆఫీసుకి రైలెక్కినప్పుడు ఉంది. సాయంత్రం దిగేసరికి గోడ.

నా ఇల్లు రెండో ప్లాట్‌ఫాం వైపు. అక్కది ఒకటో ప్లాట్‌ఫాం వైపు. అక్కాచెల్లెళ్ళం, ఎవరింట్లో వాళ్ళం ఒక్కళ్ళమే ఉంటాం. రోజూ రైలు దిగగానే పట్టాలు దాటి అక్క దగ్గరికి వెళ్ళి, టీ తాగి, నాలుగు చివాట్లు తిని, మళ్ళీ దాటి ఇంటికి రావడం నా అలవాటు. ఇవాళ గోడ ముందు మొద్దులా నిలబడ్డాను. నాలాంటి మొద్దులు ఇంకో పదిమంది.

స్టేషన్ మాస్టర్ని అడిగితే ఇదంతా డెవలప్‌మెంట్ అన్నాడు. మెట్ల వంతెన ఉంది కదా అన్నాడు. నాకు గుండెలో స్టెంట్ ఉంది, డాక్టర్ మెట్లెక్కద్దన్నాడు, అక్కకి మోకాళ్ళు అరిగిపోయాయి అని చెప్పాను. లిఫ్ట్ వస్తుందట. ఎప్పుడంటే పైకప్పు వంక చూశాడు.

జూన్ 14

ఆటోలో చుట్టూ తిరిగి వెళ్ళాను. నా వరండాలో నిలబడితే కనబడే ఇల్లు. దానికి ఆటోవాడు ఊరంతా తిప్పి, పట్టాల కింది వంతెన దగ్గర ట్రాఫిక్‌లో ఇరికించి, ప్రాణం తీశాడు. ఇంత ఆలస్యమా అని అక్క మొహం మాడ్చుకుంది. గోడ నేనే కట్టినట్టు.

జూలై 3

అక్కకి ఒక ఉపాయం తోచింది. సాయంత్రం కుట్టుమిషన్ మీంచి లేచి వచ్చి తను ఒకటో ప్లాట్‌ఫాం బెంచీ మీద కూర్చుంటుంది. నేను దిగి రెండో దాని మీద కూర్చోవాలి. మధ్యలో రెండు లైన్లు. ఫోన్ చేసుకోవచ్చు కదా అంటే, ఫోన్లో మనిషి కనబడదు అంటుంది.

అంచేత అరుచుకుంటున్నాం. రైలొస్తే మాట ఆపేసి, అది పోయాక ఆపిన చోటినుంచే అందుకుంటాం. నా బీపీ ఎంతో, మా అల్లుడు ఎలాంటివాడో ఇప్పుడు ప్లాట్‌ఫాం అందరికీ తెలుసు. ఎండా వానా లేకపోయినా గొడుగుతో తిరిగే ఒకాయన ఉన్నాడు. అక్క మాట నాకు వినబడకపోతే ఆయనే తిరిగి చెబుతున్నాడు. ఎవరడిగారు?

ఫిబ్రవరి 20, 2014

పాత రేకుల షెడ్డు పీకేశారు. మా చిన్నప్పుడు స్టేషనంటే ఆ షెడ్డూ, ఒక దీపం, అంతే. నాన్న బండి దిగితే వంటింట్లోంచి కనబడేవాడు, అమ్మ అప్పుడు పొయ్యి మీద అన్నం పెట్టేది. ఇప్పుడంతా గ్రానైట్. వాన పడితే జారుతుంది. ఎవరూ పడుకోకూడదని కొత్త బెంచీలు వాలుగా చేశారు. కూర్చోవడానికీ లేదు. నేనూ అక్కా చెరో ఒడ్డున జారుతూ మాట్లాడుకుంటున్నాం.

నవంబర్ 8

మూడో లైను వేశారు. అక్క ఇంకాస్త దూరమైంది. ఇవాళ ఏదో ముఖ్యమైన సంగతి అని మొదలుపెట్టింది, గూడ్సు వచ్చి మధ్యలో ఆగింది. అది కదిలేసరికి బెంచీ ఖాళీ. ఆ సంగతేమిటో రేపు అడగాలి.

నవంబర్ 9

మర్చిపోయిందట.

మార్చి 30, 2015

లిఫ్ట్ వచ్చింది! అటొకటి, ఇటొకటి. గాజు తలుపులు, మెరిసే బటన్లు. చుట్టూ ప్లాస్టిక్ కవరు. మంత్రిగారొచ్చి రిబ్బన్ కత్తిరించాలట.

ఆగస్టు 2

కవరు తీయలేదు. మంత్రిగారికి తీరిక లేదు.

జనవరి 17, 2016

నేను రిటైరై నెలయింది. అయినా అదే వేళకి స్టేషన్‌కి వెళుతున్నాను, అక్క కోసం. ఇవాళ లేవబోయి, మోకాలు పట్టేసి, మళ్ళీ బెంచీ మీద కూలబడింది. ఆ కంగారులో, ఎన్నాళ్ళిలా, ఆపరేషన్ చేయించుకో అని గట్టిగా అరిచాను. అంతే. గొడుగాయన తన బావమరిది మోకాళ్ళ కథ ఎత్తుకున్నాడు. ఇంకొకావిడ నూనె పేరు చెప్పింది. ఎవరో నవ్వారు కూడా. అక్క ఎర్రబడి, మెల్లిగా గోడ పట్టుకుని వెళ్ళిపోయింది.

జనవరి 25

బెంచీ మీద లేదు. ఫోన్ తీయదు. నేనన్నది తప్పా? పెద్దది, తనే అర్థం చేసుకోవాలి.

ఏప్రిల్ 6

నేనూ ఫోన్ చేయడం మానేశాను. గొడుగాయన మా అక్క గురించి అడిగాడు. స్టేషన్‌కి వెళ్ళడం కూడా మానేశాను.

సెప్టెంబర్ 11

ఎవరూ తిట్టని సాయంత్రాలు ఎంత పొడుగో. మొండిఘటం. తనూ నేనూ కూడా.

డిసెంబర్ 4

మంత్రిగారొచ్చారు, రిబ్బన్ కత్తిరించారు, ఫొటో దిగి పోయారు. నేను సిగ్గు విడిచి లైన్లో నిలబడ్డాను. సారీ చెప్పేద్దామనే. పైకెక్కితే వంతెన మీద తిరునాళ్ళలా జనం. వచ్చేవాళ్ళకీ పోయేవాళ్ళకీ మధ్య ఇంకా తీయని నిలువెత్తు రేకుల అడ్డం. తోసుకుంటూ అటువైపు దిగి, అక్క ఇంటికి పరుగులాంటి నడక నడిచాను.

తాళం.

పక్కింటి ఇస్త్రీ ఆవిడ చెప్పింది. లిఫ్ట్ తెరవగానే అక్క నా ఇంటికి బయల్దేరిందట. పొద్దుట్నుంచీ చీర మార్చుకుని కూర్చుందట. ఆ రేకుకి అటు తనూ ఇటు నేనూ ఒకరినొకరు దాటుకుని పోయామన్నమాట. ఫోన్ చేస్తే ఈసారి తీసింది. ఎప్పుడో ఇచ్చిన తాళంచెవితో నా వంటింట్లో ఉంది. పంచదార ఎక్కడ తగలేశావని అడిగింది.

వెనక్కి పరిగెత్తాను. లిఫ్ట్ ఆగిపోయింది! రిపేరట. తెరిచిన రోజే రిపేర్! తిట్టుకుంటూ ఆటో ఎక్కి, ఊరంతా చుట్టి, నా ఇంటి బెల్లు నేనే కొట్టాను. అక్క తలుపు తీసి, ఇదేనా రావడం అంది. నాకు ఏడుపొచ్చేసింది. తనకీ. సారీ ఎవరమూ చెప్పుకోలేదు.

లిఫ్ట్ బాగవగానే వెళ్ళిపోతానంది. ఆటో కుదుపులకి తన మోకాళ్ళు ఓర్చుకోలేవట.

డిసెంబర్ 9

నా డబ్బాలన్నీ సర్దేసింది. పసుపు ఎక్కడో నాకు తెలియదు, ఉప్పు ఎక్కడో తెలియదు. టీవీ చెవులు పగిలేలా పెడుతుంది. నా పాత జాకెట్లన్నీ విప్పి మళ్ళీ కుడతానని కుట్టుమిషన్ అద్దెకి తెప్పించింది. మంచం మీద గోడ వైపు తనే పడుకోవాలి. ఎప్పుడు బాగవుతుందో ఆ లిఫ్ట్!

డిసెంబర్ 21

పది రోజులైందట, లిఫ్ట్ బాగై. గొడుగాయన ఇవాళ చెప్పాడు. నేను అక్కకి చెప్పలేదు.

రోజూ పొద్దున్నే స్టేషన్ పక్కన, లిఫ్ట్ ఎదురుగా ఉన్న బూత్ నుంచి పాలు తెచ్చేది అక్కే. తనూ నాకు చెప్పలేదు.