కుండతో పాటు ఆరె

గుంటూరు జిల్లా వేమవరప్పాడు మాదిగపల్లెలో పుట్టి, కువైట్‌లో అబ్బాసియాలో కాపురముంటున్న బందెల రాహేలు అనే నేను, కీర్తిశేషులు బందెల ఇశ్రాయేలు గారి కూతురిని, రిటైరైన సోషల్ టీచర్ని, అరవై నాలుగేళ్ళ వయసులో, పూర్తి తెలివితో, ఎవరి బెదిరింపుకూ బతిమాలుడుకూ లోబడకుండా రాసుకున్న వీలునామా ఇది. బతిమాలుడు అని ప్రత్యేకంగా ఎందుకు రాశానంటే, నన్ను బెదిరించినవాళ్ళు లేరు గానీ బతిమాలినవాడు ఒకడున్నాడు. వాడు నా తమ్ముడు షడ్రకు.

వచ్చే వారం నా గుండెకు ఆపరేషన్. బుర్రకు కాదు. కాబట్టి అక్కకు మతి చలించి రాసిందనే వాదన ఏ కోర్టులోనూ చెల్లదు. నాకు పెళ్ళి కాలేదు, పిల్లలు లేరు. ఇంతకు ముందు వీలునామా ఏదీ రాయలేదు.

1. ముందు నేనెవరో తేలాలి. తహసీల్దారు ఇచ్చిన సర్టిఫికెట్‌లో నేను హిందూ మాదిగని. ఈ దేశంలో నా స్కూలు ఫైల్లో క్రిస్టియన్‌ని. శుక్రవారం పొద్దు గూకిందంటే యూదురాలిని. మా నాన్న బాప్టిస్టు పాస్టరు. నేను కాలేజీలో ఉండగా ఒక శనివారం గుడి తలుపులు తీసి, మర్నాడు ఆదివారం మూసేశాడు. మనం తప్పిపోయిన ఇశ్రాయేలు బిడ్డలం అన్నాడు. పల్లెలో కొన్ని కుటుంబాలు ఆయన వెంట నడిచాయి, మిగతావాళ్ళు నవ్వారు. నేను నడిచాను, ఇప్పటికీ నడుస్తున్నాను. పై మూడింటిలో ఏ ఒక్కటీ అబద్ధం కాదు, ఏ ఒక్కటీ కొట్టివేయరాదు.

2. వేమవరప్పాడులో నా పేరున ఉన్న డాబా ఇల్లు, దాని వెనక ఖాళీ స్థలం, బ్యాంకులో ఉన్నదంతా నా తమ్ముడు షడ్రకుకు సర్వహక్కులతో దఖలు పడాలి. దీనికి ఏ షరతూ లేదు. నాలుగో క్లాజు చదివి వాడు నన్ను తిట్టినా, నా పేరెత్తడం మానేసినా ఇల్లు వాడిదే. ఇల్లు చూపించి మాట మార్పించుకునే బేరాలు మా ఇంటా వంటా లేవు.

3. నా శరీరాన్ని మా ఊరికి చేర్చి, పాత మాదిగ శ్మశానంలో మా నాయనమ్మ అంకమ్మ పక్కన పూడ్చాలి. తమ్ముడూ మరికొందరూ కలిసి యూదుల కోసం వేరే స్థలం కొని ప్రహరీ కట్టించారు. సంతోషం. నేను మాత్రం అక్కడికి రాను. మా నాయనమ్మను గోడకు అవతల వదిలేసి నేను ఇవతల పడుకోను. షడ్రకు ఆమె సమాధి దగ్గరే నిలబడి నా కోసం కద్దిష్ చదవాలి. ఆ ప్రార్థన చదవడానికి పదిమంది ఉండాలి. పదిమందీ చెప్పులు వేసుకునే వస్తారు కదా, ఆ చెప్పులు కుట్టిన చేతుల గురించి ఒక్క నిమిషం తలుచుకుంటే చాలు.

నా శవం నుంచి రక్తం గానీ, వెంట్రుక గానీ, గోరు గానీ పరీక్ష కోసం ఎవరూ తీయరాదు. ఒక సెలవుల్లో ఊరు వెళ్ళినప్పుడు పెద్ద చదువులు చదివిన ఒకాయన వచ్చి, నా చెంప లోపల దూదిపుల్ల తిప్పితే నేను యూదురాలినో కాదో తేలుతుందన్నాడు. మా తాతలను ఊరి బావి దగ్గరికి రానివ్వనివాళ్ళు కూడా పుట్టుకే చూశారు, వాళ్ళకు దూదిపుల్ల మాత్రం లేదు. ఆయనకు కాఫీ తాగించి పంపేశాను. నేను పోయాక నోరు తెరవడానికి నాకు ఓపిక ఉండదు కాబట్టి ఇక్కడ రాసి పెడుతున్నాను.

4. ఈ వీలునామాకు ప్రాణం ఈ క్లాజే. "తమ గతాన్ని తామే రాసుకున్నవాళ్ళు" అనే నా తెలుగు పుస్తకం, పూర్తయి టైపు చేసి ఉన్నది, దాని సర్వహక్కులూ నా తమ్ముడి కూతురు కెతూరాకు చెందుతాయి.

ఆ పుస్తకం దేని గురించో తెలియనివాళ్ళ కోసం రెండు మాటలు. పందొమ్మిదో శతాబ్దంలో జర్మనీలో కొందరు యూదు కుర్రవాళ్ళు పెద్ద చదువులు చదివారు. బాప్తిస్మం తీసుకుంటే తప్ప కుర్చీ ఇవ్వం అన్నాయి యూనివర్సిటీలు. పాత మతగ్రంథాలు నమ్మకంతో చదివితే చాలదు, పరీక్షించి చదవాలి, మన చరిత్రను మనమే సాక్ష్యాలతో రాసుకోవాలి అని ఆ కుర్రవాళ్ళు కూర్చున్నారు. సాక్ష్యం అడిగితే నమ్మకం చచ్చిపోతుందని సొంత పెద్దలే వాళ్ళను తిట్టారు. తరవాతి కాలంలో తూర్పు ఐరోపాలో మామూలు జనం ఊరూరా తిరిగి పాత కాగితాలూ పాటలూ పోగు చేశారు. నాజీలు యూదులను గోడ కట్టి బంధించిన వార్సా గెట్టోలో, రేపు బతుకుతామో లేదో తెలియనివాళ్ళు, తమ రోజులను ఉన్నవి ఉన్నట్టు రాసి, రేకు పెట్టెల్లో, పాల క్యాన్లలో పెట్టి నేలలో పాతారు. వాళ్ళు అందులో తమవాళ్ళ గొప్పలే రాయలేదు. తమవాళ్ళ తప్పులూ రాశారు. అది చదివిన రోజు నేను అన్నం తినలేకపోయాను. చావు ముందు నిలబడి కూడా వాళ్ళు అబద్ధం రాసుకోలేదు, మనకేం రోగం?

ఇక ఏడో అధ్యాయం. అది మా గురించి. షడ్రకు ఊళ్ళోకి వచ్చిన విదేశీయులందరికీ ఒక కథ చెబుతాడు. మా నాయనమ్మ ప్రతి శుక్రవారం సాయంత్రం పెంకు ఊడిన కుండలో దీపం పెట్టేదని, అది రహస్యంగా దాచిన సబ్బాతు దీపమని, అంటే యూదులు పని మానే దినానికి పెట్టే దీపమని. స్పెయిన్‌లో ప్రాణభయంతో బతికిన యూదులు అలా దాచుకునేవారని ఎక్కడో చదివి దీనికి అతికించాడు. కెతూరా ఇశ్రాయేలు దేశం వెళ్ళి స్థిరపడాలని దరఖాస్తు పెట్టుకుంది. అందులో మొదటి రుజువు ఆ కుండే.

నాయనమ్మ శుక్రవారం దీపం పెట్టిన మాట నిజం. కుండలో పెట్టిన మాటా నిజం. పాక కప్పు తాటాకుది, గాలికి బుడ్డి ఆరిపోకుండా, నిప్పురవ్వ కప్పుకు అంటకుండా కుండలో పెట్టేది. శనివారం మా ఊరి సంత. తెల్లారేసరికి చెప్పుల జతలు తయారు కావాలి. ఆమె శుక్రవారం రాత్రి దీపం పెట్టింది పని మానడానికి కాదు, పని చేయడానికి. కుండ పట్టుకుని కూర్చున్నది నేనే. తమ్ముడు అప్పటికి ఉయ్యాల్లో ఉన్నాడు. "దీపం కదిలించమాకే రాహేలా, ఆరె ఏలుకు దిగుద్ది" అనేది. ఆరె అంటే తోలుకు చిల్లి పొడిచే ఉలి. ఒకటి రెండుసార్లు దిగింది కూడా. నెత్తురు నోట్లో పెట్టుకుని మళ్ళీ కుట్టేది.

పోయిన నెల షడ్రకు ఫోన్ చేసి, "అక్కా, ఆ ఒక్క అధ్యాయం తీసెయ్యి. దీపం ఎలిగించిందా లేదా? సుక్కురారమా కాదా? మరింకేంది నీ బాధ?" అన్నాడు. తరవాత ఏడ్చాడు. అయినా తీయను. రుజువు అడిగినవాడికి దొంగ రుజువు ఇస్తే, అడగడం వాడి హక్కు అని ఒప్పుకున్నట్టే. రాత్రంతా మేలుకుని పిల్లల కడుపు నింపినదాని చేతిలోంచి ఆరె లాగేసి ప్రార్థన పెట్టడం నా వల్ల కాదు. ఏ దేశం వీసా కోసమైనా సరే.

కనుక ఏడో అధ్యాయం ఒక్క అక్షరం మారకుండా అచ్చు కావాలి. దాని వెనక షడ్రకు తన జవాబు ఎంత పొడవైనా రాసుకోవచ్చు. దాన్నీ దిద్దకుండా వేయాలి, కింద ఎవరూ వ్యాఖ్య చేర్చరాదు. వాడు రాయకపోతే వాడి పేరు పెట్టి ఒక తెల్ల పేజీ వదలాలి.

కెతూరా, నీకు నష్టం చేసే పుస్తకాన్ని నీ చేతికే ఇస్తున్నాను. అత్త కక్ష కట్టిందనుకోకు. నిన్ను పక్కకు తప్పించి ఇంకెవరికో ఇస్తే అది నీ మీద నమ్మకం లేకపోవడం అవుతుంది. ఎప్పుడు అచ్చు వేయాలో నీ ఇష్టం, నువ్వు వెళ్ళి స్థిరపడ్డాకే వెయ్యి, కాదనను. ఏం తీసేయాలో మాత్రం ఎవరి ఇష్టమూ కాదు. నీకు వద్దనిపిస్తే హక్కులు అనీసాకు వెళతాయి.

5. అనీసా మా వీధిలో దర్జీ షాపు నడిపే రాయచోటి అల్లాబకష్ గారి అమ్మాయి, నా దగ్గర చదువుకుంది. నా పుస్తకమంతా టైపు చేసింది ఆమే. నా గదిలోని పుస్తకాలన్నీ ఆమెవి. ఈ వీలునామాను అమలు చేసే బాధ్యత కూడా ఆమెదే. ఈ ఊళ్ళో యూదు అనే మాట పైకి అనడం సులువు కాదు. అయినా ఆ పిల్ల ఒక్కసారీ గొంతు తగ్గించి అడగలేదు.

అల్లాబకష్ గారి షాపులో నేను కూర్చునే కేన్ కుర్చీ నాదే. ఇక ఆయనదే. "టీచరమ్మా, మీ తాత ఎవురైతే ఏంది? నువ్వు సుక్కురారం దీపం పెట్టేది నేను సూస్తాండా గదా, ఖలాస్" అని ఆయన అన్న మాటకు సమానమైన వాక్యం నా పుస్తకంలో లేదు. మిష్రిఫ్‌లో వంట చేసే నా రూమ్మేట్ చంద్రావతికి నా ఉన్ని శాలువా రాద్దామనుకున్నాను. సాక్షిగా ఉన్నవాళ్ళకు రాస్తే చెల్లదట. అందుకే నిన్ననే ఆమె భుజాల మీద కప్పేశాను.

నన్ను అన్నేళ్ళు ఎనిమిదో తరగతి దాటి చరిత్ర చెప్పనివ్వని మా ప్రిన్సిపాల్ గారికి ఏమీ లేదు.

6. చివరిది. నాయనమ్మ కుండ నా దగ్గరే ఉంది. చీరల మధ్య చుట్టి కువైట్ తెచ్చుకున్నాను. ఇక్కడికి వచ్చిన దగ్గర్నుంచీ ప్రతి శుక్రవారం అందులోనే దీపం పెడుతున్నాను. ఆమె పని కోసం పెట్టింది, నేను పని మానడం కోసం పెడుతున్నాను. ఈ దీపాన్ని నాకు వారసత్వంగా ఎవరూ ఇవ్వలేదు, నేనే వెలిగించుకున్నాను. అంతమాత్రాన ఇది దొంగ దీపం కాదు. దీపానికి పాత తాతలు అక్కర్లేదు, నూనె ఉంటే చాలు.

ఆ కుండ షడ్రకుకు ఇస్తున్నాను. దానితో పాటు నాయనమ్మ ఆరె కూడా. ఈ రెండింటినీ విడదీయరాదు, అమ్మరాదు, ఒకదాన్ని దాచి ఒకదాన్ని చూపరాదు. తమ్ముడూ, ఎవరైనా వచ్చి కుండ చూపించమంటే రెండో చేత్తో ఆరె పట్టుకుని చూపించు. కుండ ఒక్కటే చూపిస్తే నాయనమ్మ అబద్ధమవుతుంది. ఆరె ఒక్కటే చూపిస్తే నేను అబద్ధమవుతాను.

"ఏవండీ టీచర్ గారూ, వీలునామాలో కుండ కూడా రాస్తారా అండీ ఎవరైనా?" అని సాక్షి సంతకం కోసం వచ్చిన కుక్కుటేశ్వరరావు గారు అడుగుతున్నారు. మేం రాస్తాం. ఇంకా రాయాల్సింది ఉంది గానీ కిటికీలో ఎండ ఎర్రబడింది. పొద్దు గూకితే నేను కలం పట్టుకోను. ముందు సంతకం, తరవాత దీపం.

అబ్బాసియా, కువైట్.
2023 ఫిబ్రవరి 3, శుక్రవారం, సూర్యాస్తమయానికి ముందు.

(సంతకం) బందెల రాహేలు

రాహేలు గారు మా ఇద్దరి ఎదుట చదివి సంతకం చేశారు. ఆమె ఎదుటే మేమూ చేశాం.

సాక్షులు:
(సంతకం) చంద్రావతి, ఊరు అమలాపురం, మిష్రిఫ్‌లో వంటమనిషి
(సంతకం) కుక్కుటేశ్వరరావు, ఊరు పిఠాపురం, సబా అల్ సలేంలో డ్రైవరు