గొంతు ఎముక మినోబె గారికి

టోక్యో నగరం నెరిమా వార్డు నివాసిని, కీర్తిశేషులు హిరానుమా మసనొబు గారి భార్యను, యానిమేషన్ చిత్రాల దర్శకురాలిని అయిన హిరానుమా తొమోయె అను నేను, డెబ్బై తొమ్మిదో ఏట, పూర్తి తెలివితో, ఎవరి బలవంతమూ లేకుండా నోటరీ గారి ఎదుట రాయించిన వీలునామా. మోకాళ్లు తప్ప నాకు మిగతావన్నీ బాగానే పనిచేస్తున్నాయి.

1. ఇల్లు, స్థలం నా ఏకైక కుమారుడు యసుహికోకు సర్వహక్కులతో చెందవలెను. హిరానుమా వారి సమాధి బాధ్యత కూడా వాడిదే. కోడలిగా అడుగుపెట్టిన నాటి నుంచి ఆ రాయి నేనే కడిగాను. ఇక వాడు కడగాలి.

2. ఊరగాయ పెట్టే తవుడు కుండ కోడలు నత్సుహొకు. అమ్మాయీ, నీ చేతి ముల్లంగి ఊరగాయ నా దానికన్నా రుచిగా ఉంటుంది. నీతో చెప్పడానికి నోరు రాక ఇక్కడ రాయిస్తున్నాను.

3. నిర్మాత కనమోరి గారికి పెట్టెడు చేతిరుమాళ్లు. నా మొదటి చిత్రంలో సత్రం నడిపే వితంతువు తను ప్రేమించినవాడితో రైలెక్కేసినట్టు గీశాను. "వెళ్లిపోతే చప్పట్లు కొడతారండీ, ఉండిపోతేనే ఏడుస్తారు. ఏడిస్తేనే మళ్లీ టికెట్ కొంటారు" అని ఆయన ఆమెను ప్లాట్‌ఫారం మీదే నిలబెట్టించారు. జనం బాగానే ఏడ్చారు. అప్పట్నుంచి నా నాయికలందరూ అత్తగారి కోసమో, దుకాణం కోసమో, పరువు కోసమో ఆగిపోయారు. అప్పుడు చిత్రంలోంచి తీసేసిన ఆ రైలు బొమ్మలు స్టూడియోలోని కుర్రకారుకు ఇస్తున్నాను. ఆవిడను రైలెక్కించండి.

4. దహనమయ్యాక నా ఎముకలను మావాళ్లు ఆచారం ప్రకారం చాప్‌స్టిక్‌లతో ఏరి, కలశంలో పెట్టి, హిరానుమా సమాధిలో ఉంచవలెను. ఆ ఇంటి కోడలిగా నా ధర్మం అంతటితో సరి. అందరికన్నా దగ్గరి మనిషి చివరగా ఏరే గొంతు ఎముకను మాత్రం మినోబె సోగో గారు ఏరి, తన వెంట తీసుకుపోవలెను. నేను బొమ్మలు గీసే బల్ల కూడా ఆయనకే.

మినోబె గారు నా చిత్రాలకు ఆకాశాలు వేసినాయన. నేను మనుషులను గీస్తే, పక్క బల్ల మీద ఆయన వాళ్ల వెనక వాన కురిపించేవారు. నాకు సంసారం ఉందని ఆయన నోరు విప్పలేదు, నేనూ విప్పలేదు. మావారు పోయాక కూడా అదే అలవాటైపోయింది. ఇప్పుడు ఆదివారాలు కలిసి నూడుల్స్ తింటాం. నాకు మహా సంతోషంగా ఉంటుంది.

"అమ్మా, గొంతు ఎముక నేను తియ్యాలి గానీ ఆయనెవరే? చుట్టాలేమనుకుంటారు?" అన్నాడు యసుహికో. అనుకోనీరా. మొదటి ఎముక నువ్వు తియ్యి.

5. వాటా పొందేవారు సాక్షిగా ఉండకూడదట. అందుకని మినోబె గారిని నడవాలో కూర్చోబెట్టారు. "ఆయన మీకేమవుతారండీ? రాయాలి కదా, స్నేహితుడని వెయ్యనా?" అని నోటరీ గారు అడిగారు.

"నేను ప్రేమించిన మనిషి. అలాగే రాయండి" అన్నాను, నడవాలోకి వినబడేలా.

"ఇన్నాళ్లకా, తొమోయె గారూ!" అని బయటి నుంచి కేక.

నోటరీ గారు నవ్వాపుకుని ఉన్నదున్నట్టు రాశారు. చదివించుకుని, విని, ముద్ర వేశాను.

రేవా శకం ఆరవ సంవత్సరం (2024), మే 21
హిరానుమా తొమోయె (ముద్ర)

సాక్షులు:
అకుత్సు రెన్‌జి, న్యాయవాది, ఈ వీలునామా అమలు బాధ్యులు
కోగురె మిదోరి, నూడుల్స్ దుకాణం యజమానురాలు