డ్రోను ఎవరి ఇంట్లో ఉండాలి

దేవరుప్పుల

ప్రియమైన అఖిల్ బాపుకు,

ఫోన్లో మాట్లాడితే మనకు పోట్లాటే మిగులుతోంది, అది విని మన పిల్లాడు అఖిల్ బెదురుతున్నాడు, అందుకే రాస్తున్నాను. మహిళా సంఘానికి సర్కారు ఇచ్చిన, చేలకు మందు కొట్టే డ్రోనును నేనే నడుపుతున్నానని తెలుసు కదా. పైకి లేపానంటే తెరమీద ఊరు నీళ్లలో నీడలా కదులుతుంది. నేను నేలమీద ఉన్నట్టే అనిపించదు.

దసరాకు దానికి పసుపు రాసి బొట్టు పెట్టాం. మురిపెంలో కెమెరా కంటి మీదే పెట్టేశాం! మర్నాడు తెరమీద ఊరంతా ఎర్రటి మంచులో తేలింది. తుడిస్తే పోయేదానికి మీ అన్న మొండయ్య బావ, "ఆడోళ్ల చేతిల మిషన్ పెడితే గిట్లనే ఉంటది. నా ఇంట్ల ఉండనియ్" అని పట్టుకుపోయాడు. ఇప్పుడు నడిపేది నేను, ఎవరి చేనుకో చెప్పేది ఆయన. తన పార్టీ మీటింగుకు రాలేదని మా సంఘంలోని పోశమ్మ పత్తికి పంపనన్నాడు. ఆమె చేలో పురుగు పడింది. నాకు అన్నం సహించడం లేదు.

నీ సరళ

భూపాలపల్లి

ప్రియమైన సరళా,

కలలో నువ్వు మన ఊరి మీద ఎగురుతున్నావు, నేను కింద చెప్పులు చేతబట్టుకుని పరుగెత్తుతున్నాను. నవ్వకు.

అన్నకు ఎదురు చెప్పకు. బాపు పోయాక నన్ను చదివించింది ఆయనే, ఈ బొగ్గు బాయి కొలువూ ఆయన మాటతోనే వచ్చింది. ఆయనకు కోపమొస్తే అన్నదమ్ములం విడిపోతాం, నేను తట్టుకోలేను. పోశమ్మకు నేనొచ్చి చేతిపంపుతో మందు కొడతాను. నువ్వు జర ఊకో.

నీ హన్మంత్

దేవరుప్పుల

ప్రియమైన అఖిల్ బాపుకు,

నీ మాట విన్నాను. బావకు ఒక్క మాట ఎదురు చెప్పలేదు.

సంఘం డబ్బుల పెట్టె వారానికొక సభ్యురాలి ఇంట్లో ఉంటుంది. మీటింగు అక్కడే, చాయ్ తాగి లేస్తూ దాన్ని తర్వాతి ఇంటికి మోసుకుపోతాం. మీ వదిన కళ్యాణక్క కూడా సభ్యురాలే కదా. అందుకే ఈసారి అందరం వాళ్ల వాకిట్లో చాపలు పరిచాం. బావ బిత్తరపోయాడు. అక్కే చాయ్ పోసి, లోపలికి పోయి, డ్రోనును ఒక పక్క పట్టుకుని నన్ను రెండో పక్క పట్టమంది.

"ఏంది గిది? ఎటు తీస్కపోతున్నవ్?" అన్నాడు బావ.

"మన ఇంటి వంతు అయిపోయింది. ఇగ సరళ ఇంటికి," అంది అక్క.

దారి పొడవునా దానికి బరువే లేనట్టుంది. మర్నాడు పోశమ్మ చేనుమీద ఎగిరింది. ఆమె గట్టు మీద నిలబడి ఏడ్చింది, నేనూ ఏడ్చాను. నీకేం సమాధానం చెప్పాలో తెలియక ఉత్తరం ఆపాను.

ఇందాక బావ మన ఇంటికి వచ్చాడు. గడపలో నిలబడి, "నా చేనుకు ఎప్పుడొస్తవ్?" అన్నాడు.

"ముందు బుచ్చమ్మ వంతు ఉన్నది బావా, జర కూసో," అన్నాను.

కూర్చున్నాడు.

నీ సరళ