నా దుకాణం ఫోటో తియ్యలేదు

ఆగస్టు 15, రాత్రి

ఈసారి దుకాణానికి జెండా కట్టడం మరిచేపోయాను. పక్కన గడియారాలు బాగుచేసే యూసుఫ్ భాయ్ కూడా కట్టలేదు. బజారు సంఘం శ్రీను వచ్చి, ఆయన దుకాణాన్ని మాత్రం ఫోన్‌లో ఫోటో తీశాడు.

"ఎందుకురా గా ఫోటో?" అనడిగాను.

"ఎవరు కట్టలేదో గ్రూపుల పెడ్తున్నం అక్కా."

"నేను గూడ కట్టలే గదా. నాది తియ్యవా?"

"నీ సంగతి మాకు తెల్వదా అక్కా!" అని నవ్వాడు.

ఏం తెలుసు వాడికి? ఇరవై ఏళ్లుగా నాదీ యూసుఫ్ భాయ్‌దీ పక్కపక్క దుకాణాలే. ఆయన గురించి తెలియనిదేమిటి, నా గురించి తెలిసిందేమిటి?

ఇప్పుడే గ్రూపు చూశాను. ఆ ఫోటో కింద ఎవరో "గుర్తుపెట్టుకోండి" అని రాశారు. 

తియ్యొద్దని నేను అననేలేదు. వాడు నవ్వితే నేనూ నవ్వాను. వాడికి తెలిసిన నా సంగతి అదేనేమో.